ఎఫ్‌పీఎస్ 60 చూపిస్తున్నా ఎమ్యులేటర్‌లో గేమ్ ఎందుకు కుదుపులతో నడుస్తుంది?

మీరు చెప్పినదాన్ని బట్టి పరిస్థితి ఇది. కన్సోల్‌ను పీసీలో అనుకరించే ఎమ్యులేటర్లయిన డాల్ఫిన్‌లో గేమ్‌క్యూబ్, వీ గేమ్‌లూ, ఆర్‌పీసీఎస్3లో పీఎస్3 గేమ్‌లూ ఆడుతున్నారు. మూలన ఎఫ్‌పీఎస్ (సెకనుకు ఎన్ని ఫ్రేమ్‌లు) అంకె దాదాపు 60 దగ్గరే నిలబడుతోంది. కానీ కొత్త గదిలోకి వెళ్లినప్పుడో, కొత్త ఆయుధం పేల్చినప్పుడో బొమ్మ ఒక్క క్షణం బిగుసుకుపోయి మళ్లీ కదులుతోంది. రిజల్యూషన్ తగ్గించారు, లాభం లేదు. డబ్బు పెట్టి కొత్త గ్రాఫిక్స్ కార్డు వేయించారు, అయినా అదే తంతు. ఇంకే సెట్టింగ్ మార్చాలి అన్నది మీ ప్రశ్న.

ప్రస్తుతానికి ఏదీ మార్చొద్దు. ఇప్పటిదాకా మార్చినవి కూడా డీఫాల్ట్‌కు పెట్టేయండి. స్టట్టర్ అని అందరం ఒకే పేరుతో పిలుస్తాం గానీ దాని వెనక నాలుగైదు వేర్వేరు కారణాలుంటాయి. ఒకదానికి పనికొచ్చే సెట్టింగ్ ఇంకోదాన్ని ముదరబెడుతుంది. "ఈ పది సెట్టింగ్‌లు పెట్టండి చాలు" అనే వీడియోలు చూసి అన్నీ ఒకేసారి పెట్టేస్తే, వాటిలో రెండు మేలు చేసి మూడు కీడు చేసినా ఏది ఏదో ఎప్పటికీ తేలదు.

అసలు చిక్కు ఆ ఎఫ్‌పీఎస్ అంకెను నమ్మడం దగ్గరే మొదలవుతుంది. అది సగటు. 60 ఎఫ్‌పీఎస్ అంటే ఒక్కో ఫ్రేమ్‌కు 16.67 మిల్లీసెకన్లు. ఒక సెకనులో ఒక్క ఫ్రేమ్‌కు మాత్రం 100 మిల్లీసెకన్లు పట్టి, మిగతావన్నీ వేళకే వచ్చాయనుకోండి. మిగిలిన 900 మిల్లీసెకన్లలో 54 ఫ్రేమ్‌లు పడతాయి, ఆలస్యమైనదాన్ని కలిపితే 55. అంకె ఒక్కసారి 55 అయి వెంటనే 60కి వచ్చేస్తుంది, మీరు గమనించను కూడా గమనించరు. కంటికి మాత్రం ఆ పదోవంతు సెకను స్పష్టంగా దొరికిపోతుంది. అందుకే చూడాల్సింది ఫ్రేమ్ టైమ్ గ్రాఫ్. డాల్ఫిన్ గ్రాఫిక్స్ సెట్టింగ్స్‌లో ఫ్రేమ్ టైమ్ చూపించే ఆప్షన్ ఉంది. ఆర్‌పీసీఎస్3లో అయితే పెర్ఫార్మెన్స్ ఓవర్‌లేలో గ్రాఫే వస్తుంది. మిగతా ఎమ్యులేటర్లకు విండోస్‌లో ఆర్‌టీఎస్ఎస్, లినక్స్‌లో మ్యాంగోహడ్ అనే టూల్స్ సరిపోతాయి.

గ్రాఫ్ పెట్టుకుని, కుదుపు వచ్చే చోటికి ఒకసారి వెళ్లండి. తర్వాత ఎమ్యులేటర్ మూసేయకుండా, సేవ్ నుంచి లోడ్ చేసి మళ్లీ అదే చోటికి, అదే దారిలో వెళ్లండి. మొదటిసారి గ్రాఫ్‌లో నిటారుగా లేచిన గీతలు రెండోసారి లేకపోతే అది కంపైలేషన్ స్టట్టర్, అంటే గేమ్ కోడ్‌ను మీ మెషీన్ భాషలోకి మార్చేదాకా ఆగడం. రెండోసారి కూడా అదే చోట వస్తే ఎమ్యులేటర్ ఆ సన్నివేశంలో ఏదో బరువైన పని చేస్తోంది. చోటుతో సంబంధం లేకుండా, గడియారం పెట్టినట్టు కొన్ని సెకన్లకోసారి వస్తుంటే మానిటర్ రిఫ్రెష్ రేటుకీ (సెకనుకు ఎన్నిసార్లు బొమ్మ మారుస్తుందో దానికీ) గేమ్‌కీ పొత్తు కుదరడం లేదన్నమాట. గీత మొత్తం 16.67 పైనే ఉండిపోతే, దాన్ని స్టట్టర్ అనక్కర్లేదు, మెషీన్‌కు శక్తి చాలడం లేదు, అంతే. మీ వర్ణన మొదటి రకానికే అతికినట్టు సరిపోతోంది కాబట్టి దాని గురించే ఎక్కువ చెబుతాను.

గేమ్‌క్యూబ్‌లో ఉన్న గ్రాఫిక్స్ చిప్ పేరు ఫ్లిప్పర్. దాంట్లో ఇప్పటి కార్డుల్లాగా షేడర్ ప్రోగ్రాములు (వస్తువును ఏ రంగుతో ఎలా గీయాలో కార్డుకు చెప్పే చిన్న ప్రోగ్రాములు) ఉండవు. టీఈవీ అనే భాగంలో గరిష్ఠంగా 16 దశలుంటాయి. ఒక్కో దశకు ఏ రంగు తీసుకోవాలి, ఏ టెక్స్చర్‌తో (ఉపరితలం మీద అతికించే బొమ్మతో) కలపాలి, ఎలా కలపాలి అన్నది గేమ్ కొన్ని రిజిస్టర్లలో విలువలు రాసి చెబుతుంది. ఆ విలువలు ఫ్రేమ్ మధ్యలో ఎన్నిసార్లయినా మార్చొచ్చు, అసలు కన్సోల్‌లో దానికి ఖర్చు దాదాపు లేదు. మీ పీసీ కార్డుకు ఈ రిజిస్టర్ల భాష తెలియదు. కాబట్టి డాల్ఫిన్ ప్రతి కొత్త అమరికకూ ఒక షేడర్ రాసి డ్రైవర్ చేతిలో పెడుతుంది. డ్రైవర్ దాన్ని కార్డుకు అర్థమయ్యే మెషీన్ కోడ్‌గా మారుస్తుంది. ఈ మార్పిడికి కొన్ని మిల్లీసెకన్ల నుంచి వంద మిల్లీసెకన్ల పైదాకా పట్టొచ్చు. అది పూర్తయ్యేదాకా ఆ వస్తువును గీయలేరు కాబట్టి ఫ్రేమ్ అక్కడే ఆగుతుంది. గేమ్ ఏ అమరిక ఎప్పుడు వాడుతుందో ముందే తెలిసే దారి లేదు, 16 దశల కలయికలన్నీ ముందే తయారుచేసి పెట్టుకోవడం లెక్కకు అందని పని.

ఇక్కడ గమనించాల్సింది ఒకటుంది. ఈ మార్పిడి జరిగేది గ్రాఫిక్స్ కార్డులో కాదు, సీపీయూలో, డ్రైవర్ లోపల. కార్డు ఆ సమయంలో ఖాళీగా కూర్చుని ఉంటుంది. మీరు కార్డు మార్చినా, రిజల్యూషన్ తగ్గించినా పిసరంత తేడా కూడా రాకపోవడానికి కారణం ఇదే. షేడర్‌ను కంపైల్ చేయడానికి పట్టే సమయం స్క్రీన్ మీద ఎన్ని పిక్సెళ్లున్నాయన్న దానిపై ఆధారపడదు. కార్డు వృథా పోలేదు లెండి, అది ఎలా పనికొస్తుందో ఇప్పుడే చెబుతాను.

2017 జులైలో డాల్ఫిన్ బృందం దీనికి ఉబర్‌షేడర్స్ అనే పరిష్కారం తెచ్చింది. ఒక్కో అమరికకు ఒక్కో షేడర్ రాయడం మానేసి, ఫ్లిప్పర్ పైప్‌లైన్ మొత్తాన్నీ అనుకరించే పెద్ద షేడర్లు కొన్ని ముందే తయారుచేసి పెట్టుకుంటారు. రిజిస్టర్లలో ఏముందో అవి కార్డు మీదే చదువుకుంటూ, ఏం చేయాలో పిక్సెల్ పిక్సెల్‌కూ తేల్చుకుంటాయి. రాతపూర్వక అనువాదం వచ్చేదాకా ఆగడానికీ, దుబాసీని పక్కన నిలబెట్టుకుని మాట్లాడటానికీ ఉన్న తేడా ఇది. దుబాసీతో సంభాషణ ఆగదు, కానీ ప్రతి మాటకూ శ్రమ ఎక్కువ. ఆ శ్రమంతా గ్రాఫిక్స్ కార్డుదే.

డాల్ఫిన్‌లో గ్రాఫిక్స్ విండో తెరిస్తే జనరల్ ట్యాబ్‌లో షేడర్ కంపైలేషన్ అని ఒక పెట్టె కనిపిస్తుంది. అందులో నాలుగు ఎంపికలు. డీఫాల్ట్‌గా ఉండే స్పెషలైజ్డ్ అంటే పాత పద్ధతి: షేడర్ తయారయ్యేదాకా ఆగు. ఎక్స్‌క్లూజివ్ ఉబర్‌షేడర్స్ అంటే ఎప్పుడూ ఆ పెద్ద షేడర్లే. చాలా శక్తిమంతమైన కార్డు కావాలి, సాధారణంగా అవసరం కూడా ఉండదు. హైబ్రిడ్ ఉబర్‌షేడర్స్ మీకు కావాల్సింది. కొత్త అమరిక ఎదురవగానే పెద్ద షేడర్‌తో వెంటనే గీసేస్తుంది, ఈలోగా అసలు షేడర్‌ను వేరే థ్రెడ్ మీద కంపైల్ చేయించి, తయారు కాగానే దానికి మారిపోతుంది. మీ కొత్త కార్డు ఉపయోగపడేది ఇక్కడే. హైబ్రిడ్ పెట్టాక కొత్త చోట్ల ఆగిపోవడం పోయి కాసేపు నెమ్మదించడం కనిపిస్తే, కార్డు ఆ పెద్ద షేడర్లను మోయలేకపోతోందని అర్థం. అప్పుడు ఇంటర్నల్ రిజల్యూషన్ ఒక మెట్టు దించండి. ఇంతకుముందు పనిచేయని ఆ చిట్కా ఇప్పుడు పనిచేస్తుంది.

నాలుగోది స్కిప్ డ్రాయింగ్. షేడర్ తయారయ్యేదాకా ఆ వస్తువును గీయకుండా వదిలేస్తుంది. ఆగిపోవడం ఉండదు గానీ మనుషులు, తలుపులు ఒకట్రెండు క్షణాలు మాయమై ప్రత్యక్షమవుతాయి. దీన్ని ఆ కాసేపటి మాయగా మాత్రమే చూడొద్దు. కొన్ని గేమ్‌లు ఒక బొమ్మను ఒకే ఒక్కసారి గీసి టెక్స్చర్‌గా దాచుకుంటాయి, మెనూలో పాత్ర ముఖమో మ్యాప్ ముక్కో అలా చేస్తారు. ఆ ఒక్క అవకాశంలో ఎమ్యులేటర్ గీయకుండా దాటేసిందంటే, ఆ చోటు ఖాళీగానో నల్లగానో ఉండిపోతుంది, గేమ్ దాన్ని మళ్లీ గీయదు. ఎసింక్ షేడర్ కంపైలేషన్ (షేడర్ కోసం ఆగకుండా దాన్ని పక్కన కంపైల్ చేయించడం) ఉన్న ఏ ఎమ్యులేటర్‌లోనైనా ఇలాంటి వింత లోపం చూస్తే గ్రాఫిక్స్ బగ్ అనుకునే ముందు ఎసింక్ ఆపి చూడండి. నా మటుకు నేను కార్డు మరీ పాతదైతే తప్ప స్కిప్ డ్రాయింగ్ జోలికి వెళ్లమని ఎవరికీ చెప్పను.

ఆ పెట్టె కిందే "కంపైల్ షేడర్స్ బిఫోర్ స్టార్టింగ్" అని ఒక టిక్ ఉంటుంది. ఈ గేమ్‌లో ఇంతకుముందు మీకు ఎదురైన అమరికల జాబితాను డాల్ఫిన్ దాచిపెట్టుకుంటుంది. ఈ టిక్ పెడితే వాటన్నిటినీ గేమ్ మొదలవకముందే సిద్ధం చేసుకుంటుంది. మొదట్లో కొద్దిసేపు ఎదురుచూడాలి, అంతే. హైబ్రిడ్‌తో పాటు ఇది కూడా పెట్టుకోవచ్చు.

"నిన్నటిదాకా బాగానే ఉంది, ఇవాళ మళ్లీ కుదుపులు మొదలయ్యాయి" అని చాలామంది అంటుంటారు. చాలా కేసుల్లో జవాబు డ్రైవర్ అప్‌డేటే. కంపైల్ అయిన మెషీన్ కోడ్ ఆ డ్రైవర్ వెర్షన్‌కూ ఆ కార్డుకూ మాత్రమే చెల్లుతుంది. డ్రైవర్ మారితే కాష్, అంటే ఆ దాచుకున్న కోడ్, పనికిరాదు, అన్నీ మళ్లీ కంపైల్ కావాలి. కార్డుతో మాట్లాడే పద్ధతిని వల్కన్ నుంచి డైరెక్ట్‌ఎక్స్‌కు మార్చినా అంతే. అంచులు నునుపు చేసే ఎంఎస్ఏఏను 2 నుంచి 4 చేసినా కూడా, శాంపిళ్ల సంఖ్య పైప్‌లైన్‌లో భాగం కాబట్టి, కథ మొదటికొస్తుంది. కాబట్టి సెట్టింగ్ మార్చగానే మొదటి పది నిమిషాలు చూసి "ఇది ఇంకా దారుణం" అని తీర్పు ఇచ్చేయకండి. ఎన్‌విడియా కార్డయితే కంట్రోల్ ప్యానెల్‌లో షేడర్ కాష్ సైజ్ అనే ఆప్షన్ ఉంటుంది, దాన్ని 10 జీబీ చేసి వదిలేయండి. చాలా గేమ్‌లు ఆడేవాళ్లకు డీఫాల్ట్ పరిమాణం నిండిపోయి పాతవి చెరిగిపోతూ ఉంటాయి.

కాష్ ఫైళ్లు ఎవరి దగ్గరైనా డౌన్‌లోడ్ చేసుకోవచ్చా అంటే, ఏ కాష్ అన్నది చూడాలి. గేమ్ ఏ షేడర్లు వాడిందో వర్ణించే జాబితాను ఒక మెషీన్ నుంచి ఇంకోదానికి మార్చొచ్చు. వీ యూ ఎమ్యులేటర్ సెమూలో దీన్ని ట్రాన్స్‌ఫరబుల్ కాష్ అనే పిలుస్తారు. డ్రైవర్ తయారుచేసిన బైనరీ మాత్రం ఇంకొకరి కార్డుది మీకు చెల్లదు. అయినా ఊరూపేరూ లేని సైట్ల నుంచి జిప్ ఫైళ్లు దించుకోవడం కన్నా ఒక గంట ఆడితే మీ కాష్ మీకే తయారవుతుంది.

ఇక ఆర్‌పీసీఎస్3. ఇక్కడ మొదటిసారి కంపైల్ చేయాల్సినవి షేడర్లు మాత్రమే కాదు. పీఎస్3లోని సెల్ ప్రాసెసర్‌లో పీపీయూ అనే ప్రధాన కోర్, ఎస్‌పీయూలు అనే చిన్న కోర్లు ఉంటాయి. వాటి కోడ్‌ను కూడా మీ సీపీయూ భాషలోకి మార్చాలి. గేమ్ మొదటిసారి తెరిచినప్పుడు నిమిషాల తరబడి కంపైల్ అవుతోందని చూపించేది పీపీయూ మాడ్యూళ్లనే. ఆ పని మధ్యలో విసుగొచ్చి మూసేయకండి. షేడర్ల విషయానికొస్తే జీపీయూ ట్యాబ్‌లో షేడర్ మోడ్ ఉంటుంది. అందులో "ఎసింక్ విత్ షేడర్ ఇంటర్‌ప్రెటర్" అన్నది డాల్ఫిన్ హైబ్రిడ్‌కు దగ్గరి చుట్టం. ఇంటర్‌ప్రెటర్ లేని ఎసింక్‌లో వస్తువులు కాసేపు మాయమవుతాయి. షేడర్ కంపైల్ అవుతున్నప్పుడు స్క్రీన్ మూలన సూచన చూపించే ఆప్షన్ ఉంది, దాన్ని ఆన్ చేసుకోండి. కుదుపు వచ్చిన క్షణంలోనే ఆ సూచన వస్తే కారణం షేడరే. సూచన రాకుండా కుదుపు మాత్రమే వస్తే సీపీయూ వైపు వెతకాలి, అప్పుడు షేడర్ మోడ్ మార్చి ప్రయోజనం లేదు.

పీఎస్2 ఎమ్యులేటర్ పీసీఎస్ఎక్స్2లో షేడర్ స్టట్టర్ గోల తక్కువ. ఆ చిప్ రంగులు కలిపే పద్ధతి సరళం, కాబట్టి కావాల్సిన షేడర్ల సంఖ్యా తక్కువే. అక్కడా, పాత 2డీ కన్సోళ్లలోనూ ఎక్కువగా పీడించేది రిఫ్రెష్ రేటు.

మానిటర్ 60 హెర్ట్జ్ అంటాం గానీ కన్సోళ్లు సరిగ్గా 60తో నడవవు. ఎన్‌టీఎస్‌సీ (అమెరికా, జపాన్ టీవీ పద్ధతి) రకం నింటెండో పాత కన్సోళ్లు ఎన్‌ఈఎస్, సూపర్ ఎన్‌ఈఎస్ 60.0988 హెర్ట్జ్‌తో నడుస్తాయి. గేమ్ బాయ్ 59.7275తో. 60 మానిటర్ మీద గేమ్ బాయ్‌ను దాని అసలు వేగంతో నడిపితే సెకనుకు 0.27 ఫ్రేమ్ తక్కువ పడుతుంది, అంటే మూడున్నర సెకన్లు దాటాక ప్రతిసారీ ఒక ఫ్రేమ్ రెండుసార్లు కనిపించాల్సిందే. సూపర్ ఎన్‌ఈఎస్‌లో తిరగబడి, పది సెకన్లకోసారి ఒక ఫ్రేమ్ ఎగిరిపోతుంది. పాత్ర నిలబడి ఉంటే తెలియదు. నేపథ్యం అడ్డంగా జరుగుతున్నప్పుడు మాత్రం ఒక్క చిన్న ఎగురు కనిపిస్తుంది. దీనికి సీపీయూ, జీపీయూ ఎంత గట్టివైనా ఒకటే.

పాత కన్సోళ్ల ఎమ్యులేటర్లను ఒకేచోట నడిపే రెట్రోఆర్క్ దీన్ని తెలివిగా దాటుతుంది. గేమ్ వేగాన్నే మానిటర్‌కు కట్టేసి, శబ్దాన్ని ఆ వేగానికి తగ్గట్టు రవ్వంత సాగదీస్తుంది లేదా కుదిస్తుంది. సూపర్ ఎన్‌ఈఎస్ 60 దగ్గర నడిస్తే తేడా 0.16 శాతమే, ఏ చెవికీ అందదు. వీ-సింక్ (ఫ్రేమ్‌లను మానిటర్ రిఫ్రెష్‌తో కలిపి చూపించడం), డైనమిక్ ఆడియో రేట్ కంట్రోల్ రెండూ ఆన్‌లో ఉండాలి, డీఫాల్ట్‌గా ఉంటాయి కూడా. పీసీఎస్ఎక్స్2లో "సింక్ టు హోస్ట్ రిఫ్రెష్ రేట్" చేసేది ఇదే పని. జీ-సింక్, ఫ్రీసింక్ లాంటి వీఆర్ఆర్ మానిటర్ ఉంటే ఇంకా సుఖం: రెట్రోఆర్క్‌లో "సింక్ టు ఎగ్జాక్ట్ కంటెంట్ ఫ్రేమ్‌రేట్" పెడితే మానిటరే గేమ్ వెంట నడుస్తుంది.

వీఆర్ఆర్ లేని 144 హెర్ట్జ్ మానిటర్ వాడేవాళ్లు ఎమ్యులేటర్ ఆడేటప్పుడు దాన్ని 120కి దించుకోవడం మంచిది. 144ను 60తో భాగిస్తే 2.4 వస్తుంది. ఒక ఫ్రేమ్ రెండు రిఫ్రెష్‌లు, తర్వాతిది మూడు, ఇలా ఎగుడుదిగుడుగా ఉంటుంది. 120లో ప్రతి ఫ్రేమ్‌కూ సరిగ్గా రెండు. 75 హెర్ట్జ్ అయితే ప్రతి నాలుగో ఫ్రేమ్ రెండుసార్లు పడుతుంది, దాన్ని 60కి దించండి. ఒకవేళ గేమ్ యూరప్ వెర్షన్ అయి 50 హెర్ట్జ్‌తో నడుస్తుంటే 60 మానిటర్ మీద సెకనుకు పది కుదుపులు ఖాయం. అదే గేమ్ ఎన్‌టీఎస్‌సీ వెర్షన్ వాడటమే తేలిక.

ఫ్రేమ్ లిమిటర్, అంటే ఎఫ్‌పీఎస్‌కు హద్దు పెట్టేది, ఒక్కటే ఉండాలి. ఎమ్యులేటర్ తన లిమిట్ తాను పాటిస్తుంది. దాని మీద డ్రైవర్‌లో 60 లిమిట్, ఆర్‌టీఎస్ఎస్‌లో ఇంకో లిమిట్ పెట్టుకున్నవాళ్లను చూశాను. 59.94తో నడిచే గేమ్ మీద 60 లిమిట్, 60 వీ-సింక్ కలిస్తే ఒకదాని కోసం ఒకటి ఆగి, పదిహేను ఇరవై సెకన్లకోసారి గ్రాఫ్‌లో బుడిపె వస్తుంది.

రెండోసారి వెళ్లినా అదే చోట కుదుపు వస్తే కారణం సాధారణంగా రీడ్‌బ్యాక్. కార్డు గీసిన బొమ్మను గేమ్ తిరిగి చదువుతుంది, పాయింటర్ కింద ఏముందో తెలుసుకోవడానికో, వెలుతురు లెక్కలకో. కన్సోల్‌లో సీపీయూ, జీపీయూ పక్కపక్కనే ఉండి సులువుగా పంచుకుంటాయి. పీసీలో కార్డు చేతిలో ఉన్న పనంతా పూర్తిచేసి, బొమ్మను ర్యామ్‌కు పంపేదాకా సీపీయూ నిలబడాలి. డాల్ఫిన్‌లో "స్టోర్ ఈఎఫ్‌బీ కాపీస్ టు టెక్స్చర్ ఓన్లీ" (ఆ బొమ్మను ర్యామ్‌కు పంపకుండా కార్డులోనే ఉంచే ఆప్షన్) డీఫాల్ట్‌గా ఆన్‌లో ఉండటానికి కారణం ఇదే. ఇలాంటి రీడ్‌బ్యాక్‌లన్నీ ఆపేస్తే వేగం వస్తుంది, కానీ పాయింటర్‌తో వస్తువులు ఏరుకునే గేమ్‌లో అవి చేతికి రావు. గేమ్ వారీగా డాల్ఫిన్ వికీలో ఏం రాశారో చూసి మాత్రమే ముట్టుకోండి.

హెచ్‌డీ టెక్స్చర్ ప్యాక్‌లు వాడుతుంటే ముందు అవి తీసేసి పరీక్షించండి. డిస్క్ నుంచి పెద్ద ఫైల్ చదివే ప్రతిసారీ ఫ్రేమ్ ఆగొచ్చు. ర్యామ్ బాగా ఉంటే డాల్ఫిన్‌లో ప్రీఫెచ్ కస్టమ్ టెక్స్చర్స్ పెట్టుకోవచ్చు. పీఎస్‌పీ ఎమ్యులేటర్ పీపీఎస్ఎస్‌పీపీలో ఎక్స్‌బీఆర్‌జడ్ లాంటి టెక్స్చర్ అప్‌స్కేలింగ్ కూడా ఇలాంటిదే, కొత్త టెక్స్చర్ వచ్చినప్పుడల్లా సీపీయూ మీద పడుతుంది.

మెషీన్ సంగతులు రెండు ముక్కల్లో: ల్యాప్‌టాప్ ఛార్జర్ మీద ఉండాలి, పవర్ మోడ్ బ్యాటరీ సేవర్‌లో ఉండకూడదు. యాంటీవైరస్‌లో ఎమ్యులేటర్ కాష్ ఫోల్డర్‌ను మినహాయింపులో పెట్టండి. ఫోన్‌లో ఆడేవాళ్లకు మొదటి పావుగంట బాగా నడిచి తర్వాత మొత్తంగా నెమ్మదిస్తే అది వేడి, సెట్టింగ్ కాదు. ఫోన్ జీపీయూలకు ఉబర్‌షేడర్లు చాలా బరువు కాబట్టి అక్కడ స్పెషలైజ్డ్, ముందే కంపైల్ చేయించే టిక్, ఈ రెండే దిక్కు.

ఇవన్నీ చేశాక గ్రాఫ్ గీత గీసినట్టు తిన్నగా ఉండి, కంటికి మాత్రం ఇంకా ఆగి ఆగి నడుస్తున్నట్టే ఉంటే, గేమే అలాంటిది కావచ్చు. నింటెండో 64 మీద ఆకరీనా ఆఫ్ టైమ్ ఎన్‌టీఎస్‌సీ వెర్షన్ నడిచేదే 20 ఎఫ్‌పీఎస్‌తో. ఎమ్యులేటర్ 60 అని చూపించినా అందులో ఒక్కో బొమ్మ మూడుసార్లు పునరావృతం అవుతుంది. అలాగే అసలు కన్సోల్ మీదే మందగించిన గేమ్‌లకు డాల్ఫిన్‌లో సీపీయూ క్లాక్ ఓవర్‌రైడ్, పీసీఎస్ఎక్స్2లో ఈఈ సైకిల్ రేట్, అంటే అనుకరించే సీపీయూ వేగం, పెంచి చూడొచ్చు. ఆ గేమ్ తన ఎఫ్‌పీఎస్‌ను కోడ్‌లోనే ఇంతని కట్టేసి ఉంటే మాత్రం దానివల్ల లాభం ఉండదు, కొన్నిసార్లు కట్‌సీన్‌లో మాటలకూ పెదవులకూ పొంతన తప్పుతుంది. అలా జరిగితే ఆ స్లయిడర్‌ను 100 శాతానికి తెచ్చి వదిలేయండి.